ఎస్. జెడ్. సకాల్ జీవితం, నటన: తరచుగా అడిగే ప్రశ్నలు

ఎస్. జెడ్. సకాల్ ఎవరు?

హంగేరీలో పుట్టి, బుడాపెస్ట్, వియన్నా, బెర్లిన్ నగరాల్లో నాటకరంగం మీదా తెర మీదా పేరు తెచ్చుకుని, యాభై అయిదేళ్లు దాటిన తర్వాత అమెరికా చేరి, అక్కడ మళ్లీ మొదటి మెట్టు నుంచి ఎక్కిన క్యారెక్టర్ ఆర్టిస్టు ఆయన. పేరు చెబితే గుర్తుపట్టనివారు కూడా ముఖం చూస్తే గుర్తుపడతారు. తెల్లని జుట్టు, గుండ్రటి కళ్లద్దాలు, బూరెల్లాంటి బుగ్గలు, కంగారు పుట్టినప్పుడల్లా ఆ బుగ్గల మీదికి ఎగిరే రెండు చేతులు ఆయన ఆనవాళ్లు. 1942లో వచ్చిన, యుద్ధకాలంలో మొరాకోలో చిక్కుకున్న శరణార్థుల కథ అయిన కాసాబ్లాంకా చిత్రంలో రిక్ కేఫ్‌లో హెడ్ వెయిటర్‌గా పనిచేసే కార్ల్ పాత్ర ఆయనదే. ఆ సినిమా చూసినవారందరూ హంఫ్రీ బోగార్ట్ గురించీ, ఇంగ్రిడ్ బెర్గ్‌మన్ గురించీ మాట్లాడుకుంటారు. ఆ కేఫ్ మనసుకు వెచ్చగా అనిపించడానికి కార్ల్ ఎంత కారణమో చెప్పేవారు తక్కువ. ఈ ప్రశ్నలూ జవాబులూ ఆ లోటు కొంతైనా తీర్చడానికే రాస్తున్నాను.

ఆయన అసలు పేరు ఏమిటి? ఎస్. జెడ్. అంటే ఏమిటి?

పుట్టినప్పుడు పెట్టిన పేరు విషయంలో గ్రంథాలు ఏకాభిప్రాయంతో లేవు. యాకబ్ గ్రున్‌వాల్డ్ అనీ, యెనో గెరో అనీ వేర్వేరు పేర్లు కనిపిస్తాయి. పుట్టినది మాత్రం బుడాపెస్ట్‌లో, ఒక యూదు కుటుంబంలో, 1883 ఫిబ్రవరి 2న. కొన్నిచోట్ల 1884 అని కూడా అచ్చయింది. తెర మీద కనిపించే పేరు ఆయన కుర్రతనంలో తనకు తాను పెట్టుకున్న కలంపేరు. హంగేరియన్ భాషలో సోకె అంటే లేత బంగారు రంగు, సకాల్ అంటే గడ్డం. పద్దెనిమిదేళ్ల ప్రాయంలో వయసు ఎక్కువగా కనిపించడానికి ఆయన గడ్డం పెంచారు, ఆ పసుపుపచ్చని గడ్డమే పేరైంది.

ఎస్. జెడ్. అన్నవి ఇంటిపేరుకూ సొంతపేరుకూ పొడి అక్షరాలని మనవాళ్లు అనుకోవడం సహజం. నిజానికి అవి రెండూ కలిస్తే ఒకే అక్షరం. హంగేరియన్ లిపిలో ‘ఎస్’, ‘జెడ్’ పక్కపక్కన రాస్తే మన ‘స’ అవుతుంది, ‘ఎస్’ ఒక్కటే రాస్తే ‘ష’ అని పలకాలి. అందుకే మనం బుడాపెస్ట్ అనే ఊరిని అక్కడివారు బుదపెష్ట్ అంటారు. అమెరికాలో ‘సోకె’ అన్న పేరులోని మొదటి అక్షరాన్నే రెండుగా చీల్చి, మధ్యలో చుక్క పెట్టి, రెండు పొడి అక్షరాలు చేశారు. వలసపోయిన మనిషి పేరు కొత్త దేశంలో ఏమవుతుందో తెలిపే ఉదాహరణగా నాకు ఇది తరచు గుర్తొస్తుంది.

నటన వైపు ఎలా వచ్చారు?

రాతతో వచ్చారు. చదువుకునే రోజుల్లోనే బుడాపెస్ట్‌లోని వినోద ప్రదర్శనశాలలకు చిన్న చిన్న హాస్య నాటికలు రాసి ఇచ్చేవారు. ఆ కాలపు బుడాపెస్ట్‌లో కాబరే అంటే నృత్యం మాత్రమే కాదు. పాట, వ్యంగ్యం, పది పదిహేను నిమిషాల ప్రహసనం, రాజకీయ చమత్కారం అన్నీ ఒకే రాత్రి ఒకే వేదిక మీద నడిచేవి. ఆ వేదికకు రాస్తూ, రాసినదాన్ని తానే ఆడుతూ ఎదిగారు. 1916 నాటికే మూకీ చిత్రాల్లో కూడా కనిపించారు.

ఆయన రాసిన ప్రహసనాల్లో ‘తంత్రీవాద్య చతుష్టయం’ అని అర్థం వచ్చే నాటిక నేటికీ హంగేరీలోనూ, జర్మన్ మాట్లాడే దేశాల ఔత్సాహిక నాటక బృందాల్లోనూ ఆడుతుంటారు. ఒక పెద్దింటికి సంగీతం వాయించడానికి నలుగురు వస్తారు. వారిలో ఒకడికి వాద్యం పట్టుకోవడం కూడా రాదు. మిగిలిన ముగ్గురూ విద్వాంసులనీ, వారి చాటున తన గుట్టు దాగుతుందనీ వాడి ధైర్యం. తీరా చూస్తే ఆ ముగ్గురిదీ అదే ధైర్యం. ఎవరికీ రాదు, ప్రతివాడూ మిగిలిన ముగ్గురినీ నమ్ముకుని వచ్చినవాడే. తర్వాతి రోజుల్లో సకాల్ నటనలో కనిపించే ప్రాణం, అంటే భయాన్ని మర్యాద వెనుక దాచుకోవడానికి నానా తంటాలు పడే మనిషి, ఈ నాటికలోనే కనిపిస్తాడు.

వియన్నా, బెర్లిన్ నగరాల్లో ఆయన స్థానం ఏమిటి?

హాలీవుడ్ అభిమానులు ఈ భాగాన్ని దాటవేస్తారు, కాని ఆయన వృత్తిజీవితంలో అసలు ఎత్తు ఇదే. 1920ల ఆరంభంలో వియన్నా వెళ్లి, సంగీతకారుడు హెర్మన్ లియోపోల్డీ నడిపిన కాబరేలో ఆడారు. మూకీ పోయి టాకీ వచ్చేసరికి జర్మన్ భాషా చిత్రాల్లో ఆయనకు గట్టి గిరాకీ ఏర్పడింది. 1930లో సాటి హంగేరియన్ గేజా ఫాన్ బోల్వారీ దర్శకత్వంలో, రాబర్ట్ స్టోల్జ్ సంగీతంతో వచ్చిన, ‘మూడు పావుల తాళంలో రెండు హృదయాలు’ అని అర్థం వచ్చే చిత్రంలో నటించారు. 1931లో జో మే తీసిన ‘మహారాణి ప్రేమ’ అనే అర్థమున్న చిత్రాన్ని హాలీవుడ్ వెంటనే ఇంగ్లీషులో మళ్లీ తీసింది. అందులో సకాల్ వేసిన పాత్రను అమెరికా హాస్యనటుల్లో అగ్రగణ్యుడైన డబ్ల్యు. సి. ఫీల్డ్స్‌కు ఇచ్చారు. బెర్లిన్‌లో ఆయన స్థాయి ఏమిటో ఆ ఎంపికే చెబుతుంది.

వియన్నా చిత్రాలని పేరుపడ్డ తేలికపాటి ప్రేమ హాస్య చిత్రాల్లో ఆస్ట్రియా హాస్యనటుడు హన్స్ మోజర్ తర్వాత చెప్పుకోవలసిన ముఖం ఆయనదే. బెర్లిన్‌లో కొంతకాలం సొంత నిర్మాణ సంస్థ కూడా నడిపారు.

మరి అంత పేరున్న చోటును ఎందుకు విడిచిపెట్టారు?

1933లో నాజీలు జర్మనీలో అధికారానికి వచ్చారు. యూదులైన నటులకూ, దర్శకులకూ, సంగీతకారులకూ అక్కడి చిత్రసీమలో చోటు లేకుండా పోయింది. సకాల్ హంగేరీకి తిరిగి వచ్చి, బుడాపెస్ట్, వియన్నాల మధ్య పనిచేసుకుంటూ గడిపారు. 1938 మార్చిలో ఆస్ట్రియాను హిట్లర్ కలుపుకోవడంతో వియన్నా తలుపు మూసుకుంది. అదే ఏడు హంగేరీ పార్లమెంటు మొదటి యూదు వ్యతిరేక చట్టం చేసింది. నాటక, చలనచిత్ర కళాకారులకు ప్రత్యేకంగా ఒక మండలిని ఏర్పరచి, అందులో సభ్యత్వం ఉన్నవారికే పని అని నియమం పెట్టి, సభ్యుల్లో యూదుల వంతు 20 శాతం మించకూడదన్నారు. 1939లో రెండో చట్టం వచ్చి ఆ వంతును 6 శాతానికి కుదించింది. నటుడికి నటించే హక్కే శాతాల లెక్కలో పడింది.

హంగేరీ 1940లో అక్షరాజ్యాల కూటమిలో చేరినప్పుడు ఆయన దేశం విడిచారని చాలాచోట్ల రాస్తారు. ఆ చేరిక 1940 నవంబరు 20న జరిగింది. ఆయన నటించిన మొదటి అమెరికన్ చిత్రం అదే ఏడాది వసంతంలోనే విడుదలైంది. కాబట్టి ఆయన అంతకు ముందే, చట్టాల ఉచ్చు బిగుస్తున్నప్పుడే బయలుదేరారన్నది స్పష్టం. వెంట భార్య ఉన్నారు. తోబుట్టువులు అక్కడే ఉండిపోయారు.

అమెరికాలో తొలి అవకాశం ఎవరిచ్చారు?

జో పాస్టర్నాక్. ఈయన కూడా నాటి హంగేరీలోనే పుట్టి, చిన్న వయసులో అమెరికా చేరి, యూనివర్సల్ సంస్థ తరఫున యూరప్‌లో చిత్రాలు తీసి, 1930ల మధ్యలో హాలీవుడ్‌కు తిరిగి వచ్చిన నిర్మాత. గాయని, నటి డియానా డర్బిన్‌ను పెట్టి ఆయన తీసిన ఇట్స్ ఎ డేట్ సకాల్‌కు తొలి అమెరికన్ చిత్రం. అదే 1940లో డర్బిన్‌తోనే తీసిన స్ప్రింగ్ పరేడ్‌లో వియన్నా రొట్టెల దుకాణం యజమానిగా కనిపించారు.

1941లో హోవార్డ్ హాక్స్ దర్శకత్వంలో వచ్చిన బాల్ ఆఫ్ ఫైర్‌లో, ఒకే ఇంట్లో ఉంటూ విజ్ఞాన సర్వస్వం రాసే ఎనిమిదిమంది పండితుల్లో ఒకరయ్యారు. ఆ పండితుల్లో చిన్నవాడు గారీ కూపర్, వారి నెమ్మది బతుకులోకి తుపానులా వచ్చే అమ్మాయి బార్బరా స్టాన్విక్. తర్వాత వార్నర్ బ్రదర్స్ సంస్థ ఆయన్ను పిలిచింది.

కాసాబ్లాంకాలో పాత్ర ఎలా దక్కింది?

చిత్రీకరణ 1942 మే 25న మొదలైంది. నిర్మాత హాల్ వాలిస్ కార్ల్ పాత్రకు సకాల్‌ను తీసుకున్నది ఆ తర్వాత మూడు వారాలకు. ఆశ్చర్యం ఏమిటంటే, మొదట అడిగినప్పుడు ఆయన వద్దన్నారు. పాత్ర ఆయనకు నచ్చలేదు. చివరికి నాలుగు వారాల పని హామీ ఇస్తే చేస్తానన్నారు. బేరం మూడు వారాల దగ్గర తెగింది. వారానికి 1,750 డాలర్ల చొప్పున మొత్తం 5,250 డాలర్లు ముట్టాయి. తెర మీద ఆయన కనిపించే సమయం, అదే చిత్రంలో నటించిన పీటర్ లోరీ కంటే, సిడ్నీ గ్రీన్‌స్ట్రీట్ కంటే ఎక్కువ. పోస్టర్ల మీద మాత్రం వారి పేర్లే పెద్దవి.

కార్ల్ పాత్రలో అంత చెప్పుకోవలసినది ఏముంది?

కార్ల్ వడ్డించేవాడు మాత్రమే కాదు, కేఫ్ లెక్కలు కూడా ఆయన చేతిలోనే ఉంటాయి. పోలీసులు కేఫ్ మూయించినప్పుడు, మూసి ఉంచి ఎన్నాళ్లు నెట్టుకురాగలమని కేఫ్ యజమాని రిక్ అడిగేది కార్ల్‌నే. రాత్రిళ్లు నాజీ వ్యతిరేకుల రహస్య సమావేశానికి వెళ్లేది కూడా ఈ మెత్తని మనిషే. ఆ సమావేశం మీద పోలీసులు పడినప్పుడు, గాయపడిన నాజీ వ్యతిరేక నాయకుడు లాజ్లోను వెంటబెట్టుకుని కేఫ్‌కు చేరుస్తాడు. చివరలో కేఫ్ అమ్మేటప్పుడు, కార్ల్ లాంటి పాత సిబ్బందిని తీసేయకూడదని రిక్ ప్రత్యేకంగా మాట తీసుకుంటాడు.

ఒక సన్నివేశం దగ్గరగా చూద్దాం. బల్గేరియా నుంచి పారిపోయి వచ్చిన కొత్త జంట, వీసా డబ్బు కోసం ఉన్నదంతా జూదపు బల్ల మీద పెడుతున్నారు. రిక్ వెనకగా వచ్చి, ఫలానా అంకె మీద పెట్టమని ఆ కుర్రవాడికి చెబుతాడు. చక్రం తిరుగుతుంది, ఆ అంకే పడుతుంది. మళ్లీ అక్కడే ఉంచమంటాడు, మళ్లీ అదే పడుతుంది. ఈ చోద్యం చూసిన ఒక ఆటగాడు, ఇక్కడ ఆట నిజాయితీగానే నడుస్తుందా అని కార్ల్‌ను అడుగుతాడు. పట్టపగలంత నిజాయితీ అని కార్ల్ భరోసా ఇస్తాడు. సకాల్ ఆ మాట పలికేటప్పుడు కళ్లు చూడండి. తన యజమాని చేసిన మంచి మోసం ఏమిటో ఆ కళ్లకు పూర్తిగా తెలుసు. ఆనందం దాచుకోలేక, అబద్ధాన్ని నిజం కంటే గొప్పగా పలుకుతాడు.

ఇక్కడ మరో సంగతి గుర్తుంచుకోవాలి. దర్శకుడు మైకేల్ కర్టిజ్ బుడాపెస్ట్‌లో పుట్టినవాడు. జూదపు బల్ల దగ్గరి ఉద్యోగిగా వేసిన మార్సెల్ దాలియో, నాజీ సేనలు వస్తుండగా ఫ్రాన్సు విడిచిన నటుడు. జర్మన్ మేజరుగా వేసిన కాన్రాడ్ ఫైట్, తన యూదు భార్యతో కలిసి జర్మనీ విడిచినవాడు. చిన్నచిన్న పాత్రల్లో నిలబడ్డవారిలో చాలామంది యూరప్ నుంచి వచ్చిన శరణార్థులు. కేఫ్‌లో ఫ్రెంచి జాతీయగీతం పాడే ఘట్టం ఎనభై ఏళ్ల తర్వాత కూడా చూసేవారిని కదిలించడానికి, ఆ గుంపులో నటనతో పాటు నిజం కూడా ఉండటమే కారణమని నా నమ్మకం. సకాల్ ఆ శరణార్థులకు తెర మీద ఆతిథ్యం ఇచ్చిన శరణార్థి.

‘కడిల్స్’ అన్న పేరు ఎక్కడిది?

వార్నర్ బ్రదర్స్ అధినేత జాక్ వార్నర్ పెట్టినది. పసిపిల్లలను గుండెకు హత్తుకోవడాన్ని సూచించే ముద్దుపేరు అది. తర్వాతి చిత్రాల్లో ఎస్. జెడ్. కడిల్స్ సకాల్ అని టైటిల్స్‌లో వేయించారు కూడా. ఆ పేరు సకాల్‌కు ఏనాడూ ఇష్టం లేదు. నాలుగు దశాబ్దాలు మూడు రాజధానుల వేదికల మీద నిలబడిన రచయిత, నటుడు, నిర్మాతను బొద్దు బొమ్మలా పిలిస్తే మనసు నొచ్చుకోవడం న్యాయమే. జనం ఆ పేరును ప్రేమతోనే పలికారన్నది కూడా నిజమే.

ఆయన నటనలో ప్రత్యేకత ఏమిటి?

ఒకటి, శరీరం. మాట రాకముందే బుగ్గలు అదురుతాయి, చేతులు గాలిలో లేస్తాయి, తల ఊగుతుంది. అయినా అతి అనిపించదు, ఎందుకంటే ఆ కంగారు ఎప్పుడూ ఎదుటివారి కోసమే. ప్రేమికులు విడిపోతారేమోనని, అతిథి ఆకలితో ఉన్నాడేమోనని ఆయన పాత్రలు ఆదుర్దా పడతాయి.

రెండోది, భాష. ఇంగ్లీషును ఆయన పలికే తీరులో హంగేరియన్ యాస, జర్మన్ వాక్య నిర్మాణం కలిసిపోయి వినిపిస్తాయి. 1945లో వచ్చిన క్రిస్మస్ ఇన్ కనెక్టికట్‌లో హోటల్ యజమాని ఫెలిక్స్‌గా, ‘అంతా సవ్యంగా ఉంది’ అనే అర్థమున్న ఒక అమెరికన్ నుడికారాన్ని తనకు తోచినట్టు మార్చి పలుకుతూ ఉంటాడు. అదే చిత్రంలో, ఐర్లండ్ వంటమనిషి తన ఊరి పద్ధతిలో వండిన మాంసం కూర మీద ఈయన ఎర్రటి పాప్రికా కారం చల్లి, ఇప్పుడిది గూలాష్ అయిందంటాడు. గూలాష్ హంగేరీవారి ఇంటింటి వంటకం. మన ఊరు విడిచి వెళ్లినవారు ఎక్కడి కూరలోనైనా చారెడు గుంటూరు కారం వేసుకుంటే గానీ ముద్ద దిగదని అంటారు చూడండి, సరిగ్గా ఆ ఆప్యాయతే ఆ చేతి విదిలింపులో ఉంది.

ఆయన కుటుంబం ఏమైంది?

1944 మార్చి 19న జర్మన్ సైన్యం హంగేరీలో ప్రవేశించింది. మే నడుమ నుంచి జూలై ఆరంభం వరకు, రెండు నెలలైనా నిండకుండానే, దాదాపు 4,37,000 మంది యూదులను రైళ్లలో తరలించారు. అత్యధికులు చేరినది నాజీల మారణ శిబిరమైన ఆష్‌విట్జ్‌కు. సకాల్ ముగ్గురు సోదరీమణులూ, ఒక మేనకోడలూ, ఆయన భార్య తోబుట్టువులైన ఒక సోదరుడూ, ఒక సోదరీ నాజీ శిబిరాల్లో హతులయ్యారు.

దీని తర్వాత కూడా ఆయన పదేళ్లు జనాన్ని నవ్వించారు. ఆ పదేళ్ల చిత్రాలు చూసేటప్పుడు ఈ విషయం మనసులో ఉంటే, ఆయన ముఖంలోని ఆదుర్దా వేరుగా కనిపిస్తుంది.

యుద్ధం తర్వాత ఏయే చిత్రాల్లో నటించారు?

చాలా ఉన్నాయి, అన్నీ ఒక స్థాయివి కావు. ఎరల్ ఫ్లిన్‌తో శాన్ ఆంటోనియో అనే కౌబాయ్ చిత్రంలో, ద డాలీ సిస్టర్స్‌లో హంగేరీ నుంచి వచ్చిన అంకుల్‌గా కనిపించారు. డోరిస్ డే తొలి చిత్రమైన రొమాన్స్ ఆన్ ద హై సీస్‌లోనూ, తర్వాత ఆమె నటించిన టీ ఫర్ టూ, లల్లబై ఆఫ్ బ్రాడ్వే వంటి చిత్రాల్లోనూ ఆయన ఉన్నారు.

వీటిలో నేను మళ్లీ మళ్లీ చూసేది 1949 నాటి ఇన్ ద గుడ్ ఓల్డ్ సమ్మర్‌టైమ్. దీనికి మూలం మిక్లోష్ లాస్లో అనే హంగేరియన్ రచయిత రాసిన నాటకం. బుడాపెస్ట్‌లో ఒక అత్తరుల దుకాణంలో జరిగే కథ అది. దర్శకుడు ఎర్న్‌స్ట్ లుబిచ్ 1940లో ఆ కథను ఆ ఊళ్లోనే ఉంచి తీశాడు. 1949లో పాస్టర్నాక్ నిర్మాణంలో కథ షికాగోకు మారింది, దుకాణం సంగీత వాద్యాల దుకాణమైంది, జూడీ గార్లండ్, వాన్ జాన్సన్ నాయికానాయకులయ్యారు. కథలో బుడాపెస్ట్ మిగలలేదు, కాని దుకాణం యజమానిగా బుడాపెస్ట్‌లో పుట్టిన సకాల్ మిగిలారు. వాయించడం సరిగా రాకపోయినా ప్రాణప్రదమైన వయొలిన్‌ను వదలని పాత్ర అది.

ఆ కాలపు హాలీవుడ్‌లో ఇంకా ఎవరైనా హంగేరీవారు ఉన్నారా?

ఎందరో ఉన్నారు. పారమౌంట్‌ను నిలబెట్టిన అడాల్ఫ్ జూకర్, ఫాక్స్ సంస్థకు పేరిచ్చిన విలియం ఫాక్స్ ఇద్దరూ హంగేరీ పల్లెల్లో పుట్టినవారు. డ్రాకులాగా పేరుపొందిన బేలా లుగోసీ, పీటర్ లోరీ పుట్టిన ఊళ్లు కూడా ఆనాటి హంగేరీలోనివే. కాసాబ్లాంకాలో రిక్‌గా వేసిన బోగార్ట్‌కు ఉత్తమ నటుడి ఆస్కార్ రాలేదు. ఆ ఏడు దాన్ని గెలుచుకున్నది బుడాపెస్ట్‌లో పుట్టిన పాల్ లూకాస్.

సకాల్‌కు ఆస్కార్ వచ్చిందా?

రాలేదు, ఆ పోటీకి ఆయన పేరు ఎన్నడూ వెళ్లలేదు.

ఆత్మకథ రాశారా? ఎప్పుడు మరణించారు?

1954లో ఆత్మకథ వెలువడింది. శీర్షికలో తన ముద్దుపేరు పెట్టి, ఫ్రాన్సిస్ జోసెఫ్ చక్రవర్తి, అడాల్ఫ్ హిట్లర్, వార్నర్ సోదరుల ఏలుబడుల్లో తన జీవితం అని ఉపశీర్షిక చేర్చారు. ఆయన చివరి చిత్రం ద స్టూడెంట్ ప్రిన్స్ కూడా అదే ఏడాది వచ్చింది. అందులో సత్రం యజమాని పాత్ర. దాని నిర్మాత మళ్లీ జో పాస్టర్నాకే. అమెరికాలో మొదటి అడుగు ఎవరి చిత్రంలో వేశారో, చివరి అడుగూ వారి చిత్రంలోనే పడింది. 1955 ఫిబ్రవరి 12న గుండెపోటుతో హాలీవుడ్‌లో కన్నుమూశారు. పుట్టినరోజు గడిచి పది రోజులు. గ్లెండేల్‌లోని ఫారెస్ట్ లాన్ శ్మశానవాటికలో ఆయన సమాధి ఉంది.

ఆయన్ను మొదటిసారి చూడబోయేవారు ఎక్కడ మొదలుపెట్టాలి?

కాసాబ్లాంకాలోనే, అందులోనూ ఒక నిమిషం పాటు సాగే చిన్న సన్నివేశంతో మొదలుపెట్టండి. జర్మనీ నుంచి పారిపోయి వచ్చిన ఒక వృద్ధ దంపతులకు అమెరికా వెళ్లే కాగితాలు చేతికందాయి. మర్నాడే ప్రయాణం. కార్ల్ వారి బల్ల దగ్గరికి మంచి బ్రాందీ సీసా తెస్తాడు. కూర్చుని మాతో పుచ్చుకోమని వారు అడుగుతారు. అడుగుతారని అనుకున్నాను, అందుకే మంచి సరుకు తెచ్చానని చెప్పి, మూడో గ్లాసు బయటికి తీస్తాడు. ఇకమీదట ఇంగ్లీషులోనే మాట్లాడుకుంటున్నామని ముసలాయన గర్వంగా అంటాడు. భార్యను టైమెంతని అడుగుతాడు. జర్మన్ మాటలను ఒక్కొక్కటిగా ఇంగ్లీషులోకి మార్చడంతో, ఆ ప్రశ్నా జవాబూ రెండూ వంకరటింకరగా వస్తాయి. కార్ల్ నవ్వడు, దిద్దడు. మీరు అమెరికాలో చక్కగా నెగ్గుకొస్తారని నిండు గొంతుతో చెబుతాడు.